మానినట్టు రాసిన కాలు

చూపించిన కుర్చీలో ఆమె కూర్చోలేదు. గొడుగులు పెట్టే మూల నుంచి స్టూలు లాక్కుని, తలుపు పక్కనే కూర్చుంది.

"తలుపు మూయకండి, దయచేసి," అంది. కొత్తచోట అడగవలసిన కోరిక కాదని తనకే తోచిందేమో, వెంటనే తల వంచుకుంది.

నిదానం గారు తలుపు మూయలేదు. ఆయనను అసలు పేరుతో పిలిచేవాళ్లు ఆ వీధిలో ఎవరూ మిగలలేదు. ఎవరు ఏ కంగారుతో వచ్చినా "నిదానం, నిదానం" అనడం అలవాటు కనుక ఆ మాటే పేరై కూర్చుంది. అపరాధ పరిశోధన ఆయన వృత్తి. న్యాయశాస్త్రం చదివిన మేనకోడలు, కోర్టులో వాదించడం కంటే మావయ్య ఆలోచిస్తుండగా చూడటమే ఎక్కువ నేర్పుతుందని నమ్మి ఆయన దగ్గరే స్థిరపడింది. ఆ నమ్మకాన్ని ఆయన ఎన్నడూ ప్రోత్సహించలేదు, అడ్డుకోనూ లేదు.

"ఎక్కడ పని చేస్తావమ్మా?"

"ఆస్పత్రిలో, సార్. మెడికల్ కోడర్ని. పోయిన వారం నుంచి రావద్దన్నారు. ఎల్లుండి విచారణ."

"నేరమేమిటి?"

"మానని కాళ్లను మానుతున్నట్టు రాశానట."

మేనకోడలు తల ఎత్తి చూసింది. దొంగతనాలు విన్నది, బెదిరింపులు విన్నది, ఇటువంటి నేరం వినలేదు.

"మాకేమీ తెలియదనుకుని చెప్పు," అన్నారు నిదానం గారు. "అనుకోవడం ఎందుకు, నిజంగానే తెలియదు."

పని గురించి మాట్లాడవలసి వచ్చేసరికి కోడర్ గొంతు కాస్త నిలబడింది.

"డాక్టరు రోగిని చూసి నోట్ రాస్తారు. నేను రోగిని చూడను, నోట్ చదువుతాను. చదివి, జబ్బుకు తగిన కోడ్ వేస్తాను. ఇన్సూరెన్స్ వాళ్లు నోట్ చదవరు, కోడే చూస్తారు. చీలమండ విరిగిందనుకోండి. ఏ ఎముక, ఎలా విరిగింది, అన్నీ ఆ కోడ్‌లోనే ఉంటాయి. చివర ఒక్క అక్షరం ఉంటుంది సార్. తర్వాతి వైద్యమంతా దాని మీదే నడుస్తుంది. ఎముకకు ఇంకా చికిత్స జరుగుతోందా, చికిత్స అయిపోయి మామూలుగా మానుతోందా, ఆలస్యంగా మానుతోందా, అసలు అతకనేలేదా అన్నది ఆ అక్షరమే చెబుతుంది."

"అతకలేదని ఉంటే?"

"మళ్లీ ఆపరేషన్‌కి ఒప్పుకుంటారు."

"మామూలుగా మానుతోందని ఉంటే?"

"మానుతున్నదాన్ని కోయడం ఎందుకంటారు."

ఆమె చెప్పిన సంగతి ఇది: చీలమండ విరిగి ఆ ఆస్పత్రిలోనే ఆపరేషన్ అయిన ఒక లిఫ్టు మెకానిక్, ఎముక అతకక నెలల తరబడి ఇంట్లో పడి ఉన్నాడు. మళ్లీ ఆపరేషన్ కోసం అడిగితే, "మీ కాలు మామూలుగా మానుతోంది కదా" అని ఇన్సూరెన్స్ వాళ్లు తిప్పికొట్టారు. అతను ఫిర్యాదు చేస్తే ఆస్పత్రి వాళ్లు తవ్వారు. అటువంటివే ఇంకో పది దాకా బయటపడ్డాయి. అన్నిటి మీదా కోడ్ వేసినట్టున్నది ఈమె పేరే.

"నువ్వు వేశావా?"

"లేదు సార్."

"మరి నీ పేరెలా వచ్చింది?"

"అదే తెలియడం లేదు. మా గది నేలమాళిగలో ఉంటుంది. కిటికీ ఉండదు. కార్డు పెడితేగానీ తలుపు తెరుచుకోదు. ఆ కోడ్‌లన్నీ మధ్యాహ్నం భోజనాల వేళ పడ్డాయి. అప్పుడు మిగతావాళ్లంతా పైకి వెళ్తారు. నేను వెళ్లను, డబ్బా అక్కడే విప్పుకుంటాను. తలుపు లెక్క చూస్తే లోపల నేనొక్కదాన్నే. కంప్యూటర్ లెక్క చూస్తే నా పేరొక్కటే." ఆమె నవ్వబోయి మానుకుంది. "రోజూ పని ఎక్కువ చేస్తున్నానని మురిసిపోయేదాన్ని. ఆ గదే ఇప్పుడు నాకు ఉచ్చు."

"నేరం రుజువైతే?"

"ఇక ఎక్కడా కోడ్ వేయనివ్వరు. నాకు వచ్చిన పని అదొక్కటే." తర్వాత అసలు మాట చెప్పింది. "క్వాలిటీ మేనేజర్ గారు ఒక దారి చూపించారు సార్. పొరపాటున వేశానని సంతకం పెడితే విచారణ అక్కడితో ముగుస్తుందట. ఆ మెకానిక్ కోడ్ వెంటనే సరిచేస్తారట. పెట్టకపోతే విచారణ తేలేదాకా ఆ రికార్డు ఎవరూ ముట్టుకోకూడదు. అప్పటికి ఆయన కీలు బిగుసుకుపోతుంది. సంతకం పెడితే నేను చేయనిది చేశానన్నట్టు. పెట్టకపోతే ఆయన కాలు నా మూలాన పోయినట్టు."

అడకత్తెరలో పోకచెక్క అన్న మాట మేనకోడలికి చిన్నప్పటి నుంచీ తెలుసు. రెండు వైపులూ న్యాయంగానే కనిపించే అడకత్తెరను చూడటం ఇదే మొదటిసారి.

"పెట్టేద్దామనుకున్నావు కదూ?" అన్నారు నిదానం గారు.

"కలం చేతిలోకి తీసుకున్నాను."

"ఎందుకు ఆగావు?"

"నేను పోతాను సరే. వేసినవాళ్లు అక్కడే ఉంటారు కదా సార్. మళ్లీ వేస్తారు."

నిదానం గారు చేతికర్ర అందుకుని లేచారు. ఆ కర్ర ఆయనకు నడకకు అవసరం లేదు, ఆలోచనకే అవసరం.

*

మెకానిక్ ఇల్లు నాలుగో అంతస్తులో ఉంది. మెట్లు ఇరుకు. మూడో మలుపులో మేనకోడలు గోడ పట్టుకుని నిలబడి, విరిగిన కాలితో ఈ మెట్లు దిగడమెలాగో ఊహించబోయి మానేసింది.

అతని మంచం కిటికీ పక్కన ఉంది. కిటికీకి ఎదురుగా చేతికందేంత దూరంలో పక్క భవనం గోడ.

"రండి సార్. ఊళ్లో లిఫ్టులన్నీ నేనే బాగుచేశాను. నా ఇంటికి మాత్రం మెట్లే," అన్నాడు మెకానిక్.

"నోటికేం తక్కువ లేదు. కాలికే వచ్చింది కష్టం," అంది భార్య, కుర్చీల మీది బట్టలు తీస్తూ.

"నొప్పి ఎలా ఉంటుంది?" అని అడిగారు నిదానం గారు.

"నేల మీద ఆనిస్తే లోపల రెండు ముక్కలు, రెండు దిక్కులకు పోతాయి. ఎక్స్‌రే తీశారు. సర్జన్ గారు చూసి 'హూఁ' అన్నారు. 'చూద్దాం' అన్నారు. పాపం, అప్పటి నుంచీ చూస్తూనే ఉన్నారు."

"అతకలేదని ఆయన నోటితో అన్నారా?"

మెకానిక్ ఆలోచించాడు. "లేదు. అతికిందనీ అనలేదు. ఇంకా ఆలస్యమైతే కీలు బిగుసుకుంటుందని మాత్రం అన్నారు. బిగుసుకుంటే నేను మళ్లీ లిఫ్టు షాఫ్టులోకి దిగలేను సార్. నాకింకో పని రాదు."

మేనకోడలు ఉలిక్కిపడింది. ఆ చివరి మాట ఆ రోజే ఇంకొకరి నోట విన్నది.

"కోడ్ వేసిన ఆ అమ్మాయి గురించి ఏమనుకుంటున్నారు?" అని అడిగిందామె.

"ఏమనుకుంటాను? నా మొహం ఆవిడ చూడలేదు, ఆవిడ మొహం నేను చూడలేదు. ఎక్కడో కూర్చుని ఒక అక్షరం వేసింది. నన్నీ మంచానికి కట్టేసింది. తలుపు తీసే ఉంది చూడండి. ఎక్కడికి పోను?"

మేనకోడలు ఆ అక్షరం గురించే ఆలోచిస్తూ మెట్లు దిగింది. మనిషిని బంధించడానికి గోడలు అక్కరలేదు. అతని గురించి ఒక వాక్యం రాసి, ఇక ఎవరూ అతన్ని చూడనవసరం లేకుండా చేస్తే చాలు. ఆ వాక్యం కింద అతను ఎంత అరిచినా అది అతని మాట మాత్రమే అవుతుంది.

*

మరునాడు ఆస్పత్రి గుమ్మం దగ్గరికి చేరగానే నిదానం గారు ఉన్నట్టుండి కుంటడం మొదలుపెట్టారు.

"ఏమైంది మావయ్యా?"

"కాలు మెలిపడింది."

"ఎప్పుడు?"

"ఇప్పుడే నిర్ణయించాను."

కోడింగ్ సూపర్వైజర్ తన గదిలో ఒంటరిగా ఉంది. నెరిసిన జుట్టు, గొలుసుకు వేలాడే కళ్లద్దాలు, నవ్వు మరిచిపోయిన పెదవులు.

"ఆ పిల్లకు పని నేర్పింది నేనే. అందుకే సిగ్గు," అంది, రోగుల పేర్లు కనబడకుండా మూసి, మార్చిన కేసులను తెర మీద చూపిస్తూ. "అతకలేదని రావలసిన చోట మానుతోందని ఉంది. అది దురుద్దేశమనుకుందాం. ఈ మూడూ చూడండి. వీళ్లకు ఆపరేషన్ వేరే ఆస్పత్రుల్లో అయింది, తర్వాతి పరీక్షలకు మన దగ్గరికి వచ్చారు. వీళ్లకేమో ఇంకా చికిత్స జరుగుతోందని వేసింది! ఆ తప్పు నా దగ్గర ఎవరూ చేయరు. మొదటి వారంలోనే చెవి మెలిపెట్టి చెబుతాను."

"ఈ కేసులన్నిటికీ ఉమ్మడిగా ఇంకేమైనా ఉందా?"

సూపర్వైజర్ తెర మీదికి వంగింది. "అన్నీ ఒకప్పుడు పెండింగ్‌లో ఉన్నవే."

"అంటే?"

"డాక్టర్ నోట్ స్పష్టంగా లేకపోతే కోడర్ ఊహించి వేయకూడదు. 'ఎముక అతికిందా, లేదా?' అని డాక్టర్‌కి ప్రశ్న పంపి, జవాబు వచ్చేదాకా ఆ కేసును ఆపి ఉంచాలి. ఈ పిల్ల మరీ ఎక్కువ ఆపేది. జవాబు వచ్చాక విడుదల చేయాలి."

"ఎవరు చేస్తారు?"

"ఆపినవాళ్లే. వాళ్లు లేకపోతే నేను, లేకపోతే క్వాలిటీ మేనేజర్ గారు. డాక్టర్లు జవాబివ్వగలరు గానీ విడుదల చేయలేరు."

"మీరు విడుదల చేస్తే ఎవరి పేరు పడుతుంది?"

"కేసు ఎవరు తెరిచారో వాళ్ల..." సూపర్వైజర్ ఆగిపోయింది.

"ఆమెను రావద్దన్న రోజున ఆమె ఆపి ఉంచినవి ఎన్ని ఉన్నాయి?"

"మూడు."

"ఇప్పుడో?"

మౌస్ చప్పుడు రెండుసార్లు వినిపించింది. సూపర్వైజర్ కళ్లద్దాలు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకుంది. "రెండు," అంది. "ఒకటి నిన్న మధ్యాహ్నం వెళ్లిపోయింది. ఆ పిల్ల పేరు మీదే. చికిత్స జరుగుతోందని ఉంది. ఈ రోగికీ ఆపరేషన్ బయటే అయింది."

నిన్న మధ్యాహ్నం కోడర్ తమ గదిలో, తెరిచిన తలుపు పక్కన స్టూలు మీద కూర్చుని ఉంది.

"ఆమె కార్డు ఎక్కడుంది?" అని అడిగింది మేనకోడలు.

సూపర్వైజర్ సొరుగు లాగింది. కార్డు అందులోనే ఉంది.

"ఒక సాయం చేయండి," అన్నారు నిదానం గారు లేస్తూ. "నిన్నటి కేసు ఏ కంప్యూటర్ నుంచి విడుదలైందో కంప్యూటర్ల విభాగం వాళ్లను అడగండి. సాయంత్రం దాకా ఎవరికీ చెప్పకండి. అన్నట్టు, నాదొక చిన్న సందేహం. నా కాలు వేరే ఊళ్లో విరిగిందనుకోండి, అక్కడే ఆపరేషన్ చేసి ఎముకకు ప్లేటు వేశారు. ఎలా అతుకుతోందో చూపించుకోవడానికి ఇవాళ మొదటిసారి మీ దగ్గరికి వచ్చాను. నేను మీ లెక్కలో ఏ దశలో ఉన్నట్టు?"

"మానే దశలో," అంది ఆమె విసుగ్గా. "మీరు ఎన్ని ఆస్పత్రులు మారితే ఎముకకేం తెలుస్తుంది? దానికి చికిత్స అయిపోయింది."

వసారాలోకి రాగానే మేనకోడలు ఆయన చెవిలో అంది, "మావయ్యా, ఈవిడే. కార్డు ఈవిడ దగ్గర, విడుదల చేసే అధికారం ఈవిడ చేతిలో. మధ్యాహ్నం ఒంటరిగానే ఉంటుంది. ఆ తడబాటు చూశావా? గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు!"

"నిదానం. భుజాలు తడుముకోవడానికి దుమ్ము కూడా కారణం కావచ్చు."

సర్జన్, ఒక ఆపరేషన్ గదికీ ఇంకో ఆపరేషన్ గదికీ మధ్య నిలబడే మాట్లాడారు. అదే ప్రశ్న ఆయననూ అడిగారు నిదానం గారు.

"ప్లేటు ఎవరు వేశారు? ముందు అది చెప్పండి," అన్నారు సర్జన్. "ఇంకొకరు చెడగొట్టింది మేం మోయాలి. కోడ్‌లు గీడ్‌లు నాకు తెలియవు. అది కింద వాళ్ల పని."

"కింద నుంచి మీకు ప్రశ్నలు వస్తుంటాయటగా?"

"వస్తూనే ఉంటాయి." సర్జన్ చూపు గోడ గడియారం మీదికి పోయింది. "అన్నిటికీ జవాబులు రాస్తూ కూర్చుంటే కత్తి ఎవరు పట్టుకుంటారు?"

క్వాలిటీ మేనేజర్ మాత్రం కుర్చీ వేయించి, కాఫీ తెప్పించి, కుంటుతున్న కాలికి సానుభూతి కూడా ప్రకటించాడు. వెనుక గోడకు ఒక పెద్ద బోర్డు. చీలమండ విభాగంలో చెడిన ఆపరేషన్ ఒక్కటీ లేదని దాని మీద రాసి ఉంది.

"మంచి పిల్లేనండీ. కానీ పొరపాటు పొరపాటే. సంతకం పెట్టెయ్యమనండి. అందరికీ హాయి."

"చెప్పి చూస్తాను. ఇంతకీ నా సంగతి చెప్పండి," అంటూ నిదానం గారు తన ఊహా ప్లేటు కథ మూడోసారి వినిపించారు.

మేనేజర్ పకపకా నవ్వాడు. "ఇందులో సందేహమేముంది సార్? మా దగ్గరికి మొదటిసారి వచ్చారు, మీది మొదటి దశ. చికిత్స ఇప్పుడే మొదలు. కొత్త మనిషి, కొత్త కార్డు, కొత్త కేసు. ఓపీ కౌంటర్‌లో ఇన్నేళ్లు కూర్చుని ఈ కుర్చీలోకి వచ్చాను. ఆ మాత్రం నాకు తెలియదా?"

"అనుభవం ఎక్కడికి పోతుంది!" అన్నారు నిదానం గారు కాఫీ ముగిస్తూ. "ఆ అమ్మాయి సంతకం పెడుతుందనే అనుకుంటున్నాను. అయితే ఆ మెకానిక్ ఎదుటే పెడుతుందట, క్షమాపణ అడిగి. పాపం, ఆయన దిగలేడు. సాయంత్రం మీరూ, సర్జన్ గారూ, సూపర్వైజరూ ఒకసారి ఆయన ఇంటికి రావాలి."

"తప్పకుండా," అన్నాడు మేనేజర్. అతని మొహంలో ఉపశమనం చూసి మేనకోడలికి అతని మీద జాలి కలిగింది. ఆ జాలికి తర్వాత ఆమె సిగ్గుపడింది.

*

సాయంత్రం వెలుగుండగానే అందరూ మెకానిక్ గదిలో చేరారు. కుర్చీలు చాలక సర్జన్ కిటికీ గట్టుకు ఆనుకుని నిలబడ్డారు. మేనేజర్ రుమాలుతో మెడ తుడుచుకుంటున్నాడు. సూపర్వైజర్ ఒళ్లో లాప్‌టాప్ పెట్టుకుని కూర్చుంది. కోడర్ ఇక్కడా తలుపు పక్కనే నిలబడింది. మెకానిక్ ఆమెను ఒక్కసారి చూసి మొహం గోడ వైపు తిప్పుకున్నాడు.

"కాగితం తెచ్చాను. సంతకం పెట్టేస్తే..." అన్నాడు మేనేజర్.

"పెట్టదు," అన్నారు నిదానం గారు.

"మరి ఇన్ని మెట్లు ఎందుకెక్కించినట్టు?"

"నిదానం. ఆయన దిగలేక ఎన్నాళ్లనుంచో ఉన్నారు. మీరు కాసేపు ఉండలేరా?" నిదానం గారు కర్రను గోడకు ఆనించారు. కుంటు పోయిన సంగతి ఎవరూ గమనించలేదు. "ఆ నేలమాళిగ గదిలోకి ఎవరు వెళ్లారని అందరూ అడిగారు. ఎవరూ వెళ్లలేదు. వెళ్లనక్కరలేదు. ఈ అమ్మాయి అనుమానం వచ్చినప్పుడల్లా కేసు ఆపి, డాక్టరును అడిగేది. ఆపిన కేసు పై అధికారుల తెరల మీద కనిపిస్తుంది. వాళ్లు దాన్ని విడుదల చేస్తే, పేరు మాత్రం తెరిచిన కోడర్‌దే పడుతుంది. మారినవన్నీ ఆమె ఆపినవే. ఆమె అనుమానించకుండా పంపేసినవాటిలో ఒక్కటీ మారలేదు. అజాగ్రత్తగా పని చేసి ఉంటే ఈ ఉచ్చులో పడేదే కాదు."

కోడర్ తలుపు చట్రాన్ని పట్టుకుంది.

"ఊహలు," అన్నాడు మేనేజర్.

"నిన్న మధ్యాహ్నం ఆమె పేరు మీద ఇంకొక కేసు వెళ్లింది. ఆ వేళ ఆమె మా గదిలో ఉంది. ఆమె కార్డు సూపర్వైజర్ గారి సొరుగులో ఉంది."

"చూశారా! సొరుగులో!" మేనేజర్ వేలు చూపించాడు. "ఇన్నేళ్లూ నేర్పిన గురువే..."

"నా మేనకోడలూ అదే అంది," అన్నారు నిదానం గారు. సూపర్వైజర్ కళ్లద్దాల మీదుగా చూసిన చూపుకు మేనకోడలు నేల చూపులు చూసింది. "అందుకే నేను మీ ముగ్గురినీ ఒకే ప్రశ్న అడిగాను. మారిన కేసుల్లో కొన్ని, బయట ఆపరేషన్ అయి ఇక్కడికి వచ్చినవాళ్లవి. వాళ్లకు చికిత్స జరుగుతోందని వేశారు. రోగి మొదటిసారి వచ్చాడు కాబట్టి మొదటి దశ అనుకుని వేసిన అక్షరం అది. కోడర్ ఎముక దశను లెక్కలోకి తీసుకుంటుంది. సర్జన్ గారు ప్లేటు ఎవరు వేశారన్నది లెక్కపెడతారు. రోగి ఎన్నోసారి గుమ్మం తొక్కాడన్నది లెక్కపెట్టేది కౌంటర్‌లో కూర్చున్నవాళ్లే. ఇవాళ పొద్దున్న నాకు కాఫీ ఇచ్చి మరీ ఆ లెక్క చెప్పింది మీరు."

"నేను తప్పు చెబితే నేరమా? ఈవిడే కావాలని అలా వేసి ఉండొచ్చు!"

"శిష్యురాలి మీద నెట్టాలనుకున్న గురువు, శిష్యురాలు చేసే తప్పే చేస్తుంది. కలలో కూడా చేయని తప్పు చేస్తే ఆమెను కాపాడినట్టవుతుంది. అయినా నా తర్కం మీద మీరు ఆధారపడనక్కరలేదు. చెప్పండమ్మా."

సూపర్వైజర్ ఎటూ చూడకుండా చెప్పింది. "నిన్నటి కేసు మేనేజర్ గారి గదిలోని కంప్యూటర్ నుంచి వెళ్లింది. ముందువీ అక్కడి నుంచే వెళ్లాయి. ఎవరి పేరని అందరం అడిగాం. ఏ కంప్యూటరని నేను కూడా అడగలేదు." చివరి మాట కోడర్ వైపు తిరిగి అంది.

మేనేజర్ చేతిలోని కాగితం మడత మీద మడత పడింది. తర్వాత అతను మాట్లాడినప్పుడు గొంతులో కోపం లేదు, ఒక రకమైన ఫిర్యాదు ఉంది.

"చెడిన ఆపరేషన్ ఒక్కటీ లేదని పైవాళ్లకు మాటిచ్చాను. ఆ బోర్డు చూసే కదా జనం వస్తున్నారు? నేనెవరి కాలూ విరగ్గొట్టలేదే. వేసింది ఒక్క అక్షరం."

"విరగ్గొట్టలేదు సార్," అన్నాడు మెకానిక్, గోడ వైపు నుంచి తిరిగి. "విరిగితే విరిగిందని పదిమంది ఒప్పుకుంటారు. మీరు నా నొప్పినే అబద్ధం చేశారు. మా ఇంటావిడ కూడా ఒకరోజు అడిగింది, నిజంగానే నొప్పా అని."

భార్య కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మేనేజర్ ఎవరి మొహమూ చూడకుండా లేచి బయటికి నడిచాడు. అతను మెట్లు దిగుతున్న చప్పుడు చాలాసేపు వినిపించింది.

నిదానం గారు కిటికీ వైపు తిరిగారు. "సర్జన్ గారూ, ఆమె ప్రశ్నలు వచ్చింది మీకు. ఒక్క జవాబు రాసినా మేనేజర్‌కు సందు దొరికేది కాదు. ఎందుకు రాయలేదు?"

"ఇంకో నెల చూద్దామనుకున్నాను. ఆ తర్వాత ఇంకో నెల." సర్జన్ ఎదుటి గోడను చూస్తూ అన్నారు, "అతకలేదని రాస్తే, నేను చేసింది అతకలేదని రాసినట్టు. రాయనంతవరకూ... ఇంకా తేలనట్టే ఉంటుంది."

మేనకోడలికి ఆ గదిలో ఉన్నవాళ్లంతా ఒక్కసారి వేరుగా కనిపించారు. గోడలు కట్టిన మేనేజర్ వెళ్లిపోయాడు. మిగిలిన సర్జన్ మాత్రం తన మౌనంలో తానే తలుపు వేసుకుని కూర్చున్నారు. ఆ గదిలో రోగి కూడా ఉన్నాడన్నది ఆయనకు గుర్తు రాలేదు. మావయ్య ఇటువంటివాళ్లను ఏ పేరుతో పిలుస్తారో అడగాలనుకుంది. అడిగితే 'మనుషులు' అంటారని తెలిసి అడగలేదు.

సర్జన్ వచ్చి మంచం అంచున కూర్చున్నారు. కట్టు విప్పి, కాలిని ఒళ్లోకి తీసుకుని, బొటనవేలితో చీలమండ పైన ఒకచోట మెల్లగా నొక్కారు. మెకానిక్ పళ్లు బిగించాడు.

"అతకలేదు," అన్నారు సర్జన్.

"మాతో కాదు," అన్నారు నిదానం గారు. "రాయండి."

సర్జన్ సంచీలోంచి టాబ్లెట్ కంప్యూటర్ తీసి, కాలు ఒళ్లో ఉండగానే రాశారు. సూపర్వైజర్ లాప్‌టాప్ తెరిచి, కేసు మీది తాళం తీసి, లేచి కోడర్‌కు తన కుర్చీ చూపించింది. "నువ్వే వెయ్యి," అంది. "ఇవాళే వెళ్లాలి ఇది."

కోడర్ తలుపు వదిలి లోపలికి వచ్చింది. కూర్చుని నోట్ చదివింది. మళ్లీ చదివింది. చేతులు మీటల మీద ఆనాయి గానీ కదలలేదు.

"ఏమైందమ్మా?" అన్నాడు మెకానిక్. అతను ఆమెతో మాట్లాడిన మొదటి మాట అది.

"డాక్టర్ గారూ," అంది కోడర్, "ఏ కాలో మీరు రాయలేదు."

"అయ్యో రామా! కళ్లెదుటే ఉందిగా, ఆయన ఒళ్లోనే!" అంది మెకానిక్ భార్య.

"నాకూ కనిపిస్తోందండీ." కోడర్ మీటల మీంచి చేతులు తీసింది. "నేను చూసింది వేయకూడదు. ఆయన రాసిందే వేయాలి."

సర్జన్ తన ఒళ్లోని పాదాన్ని కొత్తగా చూసినట్టు చూశారు. తర్వాత తల వంచి, 'కుడి' అని రాశారు.